దిండు కింద రెండు దారాలు

(ఒక గ్రంథాలయ సభలో తఫ్సీర్, అంటే ఖుర్ఆన్ వ్యాఖ్యానం, గురించి మాట్లాడినదానికి రాత రూపం. మాటల ధోరణి మార్చలేదు.)

అందరికీ నమస్కారం, సలాం. ముందే చెప్పేస్తున్నాను, నేను మౌలానాను కాను, ముఫ్తీని అసలే కాను. తెలుగు పాఠాలు చెప్పి రిటైరైన మనిషిని. ఇంట్లో ఉర్దూ, వీధిలో తెలుగు, మసీదులో అర్థం తెలియని అరబ్బీ, ఈ మూడింటి మధ్య పెరిగాను. కాబట్టి నన్ను ఫత్వాలు అడక్కండి. తఫ్సీర్ అంటే ఏమిటి, అది రాసినవాళ్ళు ఏ పద్ధతిలో రాశారు అన్నది మాత్రం నాకు తెలిసినంత చెప్తాను.

ఒక కథతో మొదలుపెడతాను. ఖుర్ఆన్ రెండో సూరాలో, అంటే అధ్యాయంలో, 187వ ఆయత్, అంటే వాక్యం, రంజాన్ ఉపవాసం గురించి. తెల్ల దారం నల్ల దారం నుంచి విడిగా కనబడేదాకా తినండి, తాగండి అని ఉంటుంది. అదీ బిన్ హాతిం అని ప్రవక్త సహచరుడు ఒకాయన ఉన్నాడు. హాతింతాయి పేరు విన్నారు కదా, దానానికి పేరుపడ్డ ఆ హాతిం కొడుకే. ఈయన ఆ మాట విని ఒక తెల్ల తాడు, ఒక నల్ల తాడు తెచ్చి దిండు కింద పెట్టుకున్నాడు. రాత్రంతా లేచి లేచి చూడటం, చీకట్లో రెండూ ఒకేలా కనబడటం! పొద్దున్నే పోయి ప్రవక్తకు చెప్పుకుంటే ఆయన, అబ్బో నీ దిండు చాలా పెద్దదే అయ్యుండాలి, అవి దారాలు కావయ్యా, రాత్రి నలుపూ తెల్లవారి తెలుపూ అన్నారు. ఆకాశంలో ఉన్న రెండు చారల్ని ఈయన తలకింద పెట్టుకున్నాడన్నమాట. (నవ్వులు)

అరబ్బీ అమ్మ భాష అయినవాడు, చెప్పిన మనిషి పక్కనే ఉన్నవాడు, ఆయనకే ఇలా అయింది. పధ్నాలుగు వందల ఏళ్ళ తర్వాత, ఇంకో భాషలో, ఫోన్లో ఒక్క వాక్యం ఫార్వర్డ్ వస్తే చదివి అర్థమైపోయిందనుకునే మన సంగతి ఏం చెప్పాలి.

తఫ్సీర్ అంటే విప్పి చెప్పడం. రాసినవాడు ముఫస్సిర్. మొట్టమొదటి తఫ్సీర్ ఖుర్ఆనే అంటారు, అంటే ఒకచోట మూసినట్టున్న మాటను ఇంకోచోట మాట తెరుస్తుంది. ఆరో సూరాలో, విశ్వసించి తమ విశ్వాసంలో 'జుల్మ్' కలపనివాళ్ళకే భద్రత అని ఉంది. జుల్మ్ మనకూ తెలిసిన మాటే, జులుం. సహచరులు హడలిపోయారు, మాలో ఏదో ఒక అన్యాయం చెయ్యనివాడెవడు అని. దానికి ప్రవక్త, మీరనుకునేది కాదు, లుక్మాన్ తన కొడుక్కి చెప్పింది వినలేదా, దేవుడికి సాటి కల్పించడమే పెద్ద జుల్మ్ అన్నాడు కదా అని 31వ సూరాలో మాట ఎత్తి చూపారు. టెన్షన్ దిగిపోయింది.

రెండోది, సందర్భం. ఏ ఆయత్ ఎప్పుడు, ఎవరి విషయంలో దిగింది అన్నది. హజ్‌కి వెళ్ళినవాళ్ళు సఫా, మర్వా గుట్టల మధ్య నడుస్తారు కదా. ఖుర్ఆన్‌లో దాని గురించి, అలా తిరిగితే తప్పు లేదు అని ఉంది. ఉర్వా అనే కుర్రాడు చిన్నమ్మ ఆయిషా, అంటే ప్రవక్త భార్య, దగ్గరికొచ్చి, తిరిగితే తప్పు లేదంటే, తిరగకపోయినా ఏం పోదన్నట్టే కదా అన్నాడు. లాజిక్ బాగానే ఉంది. ఆవిడ, తప్పుగా అన్నావు నాయనా, నువ్వనుకున్నదే అయితే 'తిరగకపోతే తప్పు లేదు' అని ఉండేది అని ముందు వ్యాకరణం చెప్పి, తర్వాత కథ చెప్పింది. మదీనా అన్సారులు, అంటే ప్రవక్తకు అండగా నిలిచిన ఆ ఊరివాళ్ళు, ఇస్లాంకి ముందు మనాత్ అనే దేవతను కొలిచేవాళ్ళు, ఆ రోజుల్లో ఈ గుట్టల మధ్య తిరగడానికి వెనకాడేవాళ్ళు, ముస్లింలయ్యాక కూడా ఆ జంకు పోలేదు. ఆ జంకు తీర్చడానికి దిగిన మాట అది. నాకు ఈ ఘట్టం చాలా ఇష్టం. గొప్ప పండితుల పట్టికలన్నీ తర్వాత వచ్చాయి, పెద్ద ముఫస్సిరుల్లో తొలి పేరు ఆ చిన్నమ్మది అని నా లెక్క.

తొమ్మిదో సూరా ఐదో ఆయత్ గురించి వాట్సాప్‌లో మీ అందరికీ వచ్చే ఉంటుంది, బహుదేవారాధకుల్ని కనబడ్డచోట చంపమని ఉందని. ఉంది. దానికి ముందు నాలుగోదాంట్లో, ఒప్పందం తప్పనివాళ్ళను వదిలేసి, వాళ్ళతో గడువుదాకా మాట నిలుపుకోండని ఉంది. తర్వాత ఆరోదాంట్లో, వాళ్ళలో ఎవడైనా శరణు కోరితే ఇవ్వండి, క్షేమంగా ఉండేచోటికి చేర్చండని ఉంది. మధ్యది మాత్రమే ఫార్వర్డ్ అవుతుంది. తిట్టడానికి పంపేవాళ్ళూ మధ్యదే పంపుతారు, కత్తి పట్టినవాళ్ళూ మధ్యదే చెప్తారు, ఈ ఒక్క విషయంలో ఇద్దరికీ బాగా కుదిరింది.

ఇక పుస్తకాల దగ్గరికి వస్తాను. తబరీతో మొదలుపెట్టాలి. 839లో కాస్పియన్ సముద్రం దగ్గర తబరిస్తాన్‌లో పుట్టి, బాగ్దాద్‌లో స్థిరపడి, 923లో అక్కడే పోయాడు. శిష్యుల్ని పిలిచి, తఫ్సీర్ చెప్తాను వింటారా అంటే, ఎన్ని పుటలుంటుందండీ అన్నారట. ముప్ఫై వేలు అన్నాడు. అయ్యా, అది పూర్తయ్యేలోపు మా ఆయుష్షు పూర్తవుతుంది అన్నారు. అయితే మూడు వేలే చెప్తాను అన్నాడట. ఆ మూడు వేలే ఇవాళ ఇరవై ముప్ఫై సంపుటాలు.

ఆయన పద్ధతి దగ్గరగా చూపిస్తాను. మూడో సూరా ఏడో ఆయత్ తీసుకోండి. అసలు వ్యాఖ్యానం చెయ్యొచ్చా లేదా అన్నదే ఆ ఆయత్‌లో విషయం. ఈ గ్రంథంలో కొన్ని మాటలు స్పష్టంగా ఉన్నాయి, అవే మూలం, మరికొన్ని ఒకంతట తేలనివి అని చెప్పి, ఆ తర్వాత: 'వాటి అసలు భావం తెలియదు ఎవరికీ అల్లాహ్‌కు తప్ప' అని ఉంటుంది, దాని వెంటనే 'జ్ఞానంలో పాతుకున్నవాళ్ళు' అని వస్తుంది. ఇక్కడ ఎక్కడ ఆపి చదవాలి? 'అల్లాహ్‌కు తప్ప' దగ్గర ఆపితే, ఆయనకే తెలుసు, పండితులు మాత్రం 'మేం నమ్మాం' అని ఊరుకుంటారు. ఆపకుండా లాగితే, అల్లాహ్‌కూ పండితులకూ తప్ప తెలియదు అని అవుతుంది, అంటే పండితులకి తెలుసు! మా తెలుగు మాస్టర్ల భాషలో ఇది అన్వయం దగ్గర వచ్చిన చిక్కు. ఊపిరి ఎక్కడ తీసుకుంటావు అన్నదాని మీద ఒక శాస్త్రం మొత్తం ఆధారపడి ఉంది.

తబరీ ఏం చేస్తాడంటే, ఆపాలి అన్నవాళ్ళు ఫలానా ఫలానా, వాళ్ళ మాట నాకు చేరింది ఇతని నుంచి, ఇతనికి అతని నుంచి, అతనికి ఆ పైవాడి నుంచి అని గొలుసు మొత్తం రాస్తాడు. తర్వాత లాగి చదవాలి అన్నవాళ్ళు, వాళ్ళ గొలుసులు. తమాషా ఏమిటంటే ప్రవక్తకు పినతండ్రి కొడుకు, ఖుర్ఆన్ అర్థం చెప్పడంలో అందరికంటే దిట్ట అనిపించుకున్న ఇబ్న్ అబ్బాస్ రెండు వైపులా కనబడతాడు! ఒక గొలుసులో ఆపి చదివాడు, ఇంకో గొలుసులో 'ఆ భావం తెలిసినవాళ్ళలో నేనొకణ్ణి' అన్నాడు. ఆ రెండో మాట తెచ్చింది ముజాహిద్, ఖుర్ఆన్ మొత్తం మూడుసార్లు గురువు ముందు పెట్టుకుని ఒక్కో ఆయత్ దగ్గర ఆపి అడిగిన శిష్యుడు. తబరీ ఏదీ చెరిపెయ్యడు. అన్నీ పెట్టాక, 'అబూ జాఫర్ అనేదేమిటంటే' అని తన గురించి తానే మూడో మనిషిలా చెప్పుకుని, ఆపడమే సరైనది అని తీర్పు ఇస్తాడు. మన దేశంలో అచ్చయ్యే ఖుర్ఆన్ ప్రతుల్లో ఆ మాట మీద చిన్న 'మీమ్' అక్షరం కనబడుతుంది, ఇక్కడ ఆగాల్సిందే అని. ఇంటికెళ్ళి చూడండి.

మనకు ఇది కొత్తేమీ కాదు. మెదక్ కొలిచెలమ నుంచి వచ్చిన మల్లినాథ సూరి కాళిదాసుకి వ్యాఖ్యానం రాస్తూ ఏమన్నాడు, 'నామూలం లిఖ్యతే కించిత్', ఆధారం లేనిది ఒక్కటీ రాయను అన్నాడు. తబరీ గొలుసులూ అదే పట్టుదల. 'నానపేక్షితముచ్యతే', అక్కర్లేనిది చెప్పను అని కూడా అన్నాడు మల్లినాథుడు. ఆ రెండోది ఫఖ్రుద్దీన్ రాజీ అనే ముఫస్సిర్ దగ్గర చెల్లదు. 12వ శతాబ్దం మనిషి. ఆయన తఫ్సీర్‌లో తర్కం, ఖగోళం, వైద్యం, ఎదుటివాడు వెయ్యగల ప్రశ్న, దానికి ఆరు జవాబులు, అన్నీ దొరుకుతాయి. అందులో తఫ్సీర్ తప్ప అన్నీ ఉన్నాయి అని గిట్టనివాళ్ళు ఎద్దేవా చేశారు. తఫ్సీర్‌తో పాటు అన్నీ ఉన్నాయి అని గిట్టినవాళ్ళు సర్దారు.

జమఖ్షరీ కథ వేరు. ఖ్వారిజం నుంచి మక్కా వచ్చి ఉన్నవాడు, ఒక కాలు లేదు, అరబ్బీ వ్యాకరణంలో మాత్రం ఆయన్ని మించినవాడు లేడు. 1144లో పోయాడు. చిక్కేమిటంటే ఆయన ముతజిలా, అంటే హేతువాద పక్షం, సున్నీ పండితులకి పడదు. కానీ ఆయన రాసిన తఫ్సీర్ లేకపోతే ఖుర్ఆన్‌లో అలంకారం, వాక్య నిర్మాణం తెలియవు. ఏం చేశారు? బైజావీ అనే ఆయన దాన్నే కుదించి, పడని అభిప్రాయాలు ఏరిపారేసి కొత్త తఫ్సీర్ రాశాడు, అది మన మదరసాల్లో పాఠ్యపుస్తకమై కూర్చుంది. పేచీ ఉన్నవాడి దగ్గరకూడా చదువు నేర్చుకోవడం వాళ్ళకి తెలుసు. ఇవాళ ఎదుటి జమాతు పుస్తకం ముట్టుకోవద్దనేవాళ్ళకి ఈ సంగతి ఎవరైనా చెప్తే బాగుండు.

నేను మొదటిసారి చేత్తో పట్టుకుని చూసిన తఫ్సీర్ జలాలైన్. మా వీధి మదరసాలో హజ్రత్, అంటే మా గురువుగారు, ఆయన ముందు ఉండేది. పాత రాతి అచ్చు, పసుపు కాగితం. మధ్యలో ఆయత్, మాటకీ మాటకీ మధ్య అర్థం, చుట్టూ అంచుల్లో ఇంకెవరో రాసిన వివరణ, అది అడ్డంగా, ఏటవాలుగా, చోటు లేకపోతే తలకిందులుగా కూడా వెళ్తుంది. చదవాలంటే పుస్తకాన్ని లారీ స్టీరింగులా తిప్పాలి. హజ్రత్ అలా తిప్పుతుంటే మేం పిల్లలం నవ్వి బెత్తం దెబ్బలు తిన్నాం. మనం బడిలో రాసే ప్రతిపదార్థమే జలాలైన్. జలాలుద్దీన్ మహల్లీ 18వ సూరా నుంచి చివరిదాకా రాసి, మొదటి సూరా ఫాతిహా కూడా ముగించి పోయాడు. మిగిలిన సగం ఇంకో జలాలుద్దీన్, సుయూతీ, ఇరవై దాటిన కుర్రాడు, నలభై రోజుల్లో పూర్తిచేశాడు. ఇద్దరు జలాల్‌లు కాబట్టి జలాలైన్. యెమెన్ పండితుడొకాయన కూర్చుని అక్షరాలు లెక్కపెట్టాడట, 73వ సూరా దాకా ఖుర్ఆన్ అక్షరాలూ తఫ్సీర్ అక్షరాలూ సమానమని తేలిందట. అంత పొదుపు.

పొదుపు అన్నాను కాబట్టి, మన దేశం వింత ఒకటి. అక్బర్ ఆస్థాన కవి ఫైజీ, అబుల్ ఫజల్ అన్న, 1590ల్లో ఖుర్ఆన్ మొత్తానికీ అరబ్బీలో తఫ్సీర్ రాశాడు, చుక్క ఉన్న అక్షరం ఒక్కటీ వాడకుండా. అరబ్బీలో సగం అక్షరాలకి చుక్కలుంటాయి, బిస్మిల్లా అన్న మాట మొదటి అక్షరం 'బే' కిందే చుక్క ఉంది. అంటే బిస్మిల్లా కూడా రాయడానికి లేదు! మనవాళ్ళ నిరోష్ఠ్య కావ్యాల్లాంటి సర్కస్ అన్నమాట, పెదవులు తగలకుండా పద్యం చెప్పినట్టు. ఇదేం చోద్యం అని మౌల్వీలు కోప్పడితే, కలిమాలో, అంటే ముస్లింల విశ్వాస వాక్యంలో, మాత్రం చుక్క ఉందా, చూసుకోండి అన్నాడని చెప్తారు. నిజమే, లేదు. అర్థం తెలుసుకోవడానికి ఆ పుస్తకం తెరిచేవాళ్ళు ఉంటారా అంటే నాకు అనుమానమే.

సరే, ఇదంతా పండితుల గొడవ, మనకేమిటి అనుకుంటారేమో. ఇంటిదాకా వచ్చే సంగతి చెప్తాను. తలాఖ్ అయిన ఆడమనిషి మూడు 'ఖురూ' ఆగాలి అని రెండో సూరా 228లో ఉంది. ఆ మాటకి అరబ్బీలో రెండర్థాలు: నెలసరి అనీ, రెండు నెలసరుల మధ్య శుద్ధిగా ఉండే కాలం అనీ. నీళ్ళూ నిప్పూలాంటి రెండర్థాలు ఒకే మాటలో. సున్నీల్లో ధర్మశాస్త్ర పద్ధతులు కొన్ని ఉన్నాయి, అందులో హనఫీ పద్ధతివాళ్ళు నెలసరి అన్నారు. ఎందుకంటే శుద్ధికాలం మధ్యలో తలాఖ్ చెప్తే అది సగమే అవుతుంది, మొత్తం రెండూ ముక్కా అవుతుంది గానీ మూడు అవదు, ఖుర్ఆన్ మూడు అంది. షాఫయీ పద్ధతివాళ్ళు శుద్ధికాలం అన్నారు. అరబ్బీలో మూడు అనే మాట, లెక్కపెట్టే వస్తువు పుంలింగమా స్త్రీలింగమా అన్నదాన్నిబట్టి రూపం మారుతుంది, ఇక్కడ ఉన్న రూపం శుద్ధికాలం అన్న మాటకే సరిపోతుంది అని. హైదరాబాద్‌లో ఎక్కువమంది హనఫీలు, బార్కాస్‌లో యెమెన్ నుంచి వచ్చిన అరబ్బుల కుటుంబాలు షాఫయీలు. అంటే ఒకే ఊళ్ళో, ఒకే ఆయత్ కింద, ఇద్దరు ఆడవాళ్ళ ఇద్దత్, అంటే ఆగాల్సిన ఆ గడువు, వేరే వేరే రోజున ముగుస్తుంది. మళ్ళీ పెళ్ళి ఎప్పుడు చేసుకోవచ్చు, భర్త ఎప్పటిదాకా వెనక్కి పిలవొచ్చు, ఖర్చులు ఎన్నాళ్ళు ఇవ్వాలి, అన్నీ ఆ ఒక్క మాట మీదే.

వజూ, అంటే నమాజుకి ముందు కాళ్ళూ చేతులూ శుభ్రం చేసుకోవడం, అదీ అంతే. పాదాలు కడగాలా, తడిచేత్తో తుడవాలా? ఐదో సూరా ఆరో ఆయత్‌లో 'అర్జులకుమ్' అని చదివితే 'కడగండి'కి తగులుకుంటుంది, 'అర్జులికుమ్' అంటే పక్కనున్న 'తుడవండి'కి తగులుకుంటుంది. ల, లి, అంతే తేడా. రెండు పాఠాలూ పరంపరగా వచ్చినవే. సున్నీలు కడుగుతారు, షియాలు తుడుస్తారు. రెండు పక్షాలకీ రెండు పాఠాలూ తెలుసు, రెండోదానికి కూడా ఎవరి వివరణ వాళ్ళకి ఉంది. ఇన్నేళ్ళుగా కొట్లాడుకునేవాళ్ళు ఒక్క గుణింతం దగ్గర ఇంత నిజాయితీగా రెండో పాఠాన్ని దాచకుండా ఉంచారు, దానికి మెచ్చుకోవాలి.

హైదరాబాద్ పేరెత్తాను కాబట్టి ఇంకొకటి. ఉస్మానియా యూనివర్సిటీలో దాయిరతుల్ మఆరిఫ్ అనే సంస్థ ఉంది, 1888లో పెట్టారు, పాత అరబ్బీ రాతప్రతులు పరిష్కరించి అచ్చువేస్తారు. అది 22 సంపుటాల్లో వేసిన పెద్ద తఫ్సీర్ ఒకటి బిఖాయీది, 15వ శతాబ్దంలో కైరోలో ఉన్నవాడు. ఒక ఆయత్ తర్వాత ఇంకో ఆయత్ ఎందుకు వచ్చింది, ఒక సూరా పక్కన ఇంకో సూరా ఎందుకుంది అన్నదే ఆయన పట్టు. ఇంకో ధైర్యం కూడా చేశాడు. పాత ప్రవక్తల కథలు వచ్చినప్పుడు, ఎవరో చెప్పుకున్న పుక్కిటి కథలు ఎక్కించకుండా తౌరాత్, ఇంజీల్, అంటే యూదుల, క్రైస్తవుల గ్రంథాలు తెరిచి నేరుగా అందులో మాటలు ఎత్తి రాశాడు. కైరోలో పెద్ద గలాటా అయింది, తనను సమర్థించుకుంటూ వేరే పుస్తకమే రాయాల్సి వచ్చింది. ఆ సూరాల అమరిక గురించే మన కాలంలో హమీదుద్దీన్ ఫరాహీ పట్టుబట్టాడు, ఆయన కొన్నాళ్ళు హైదరాబాద్ దారుల్ ఉలూమ్‌కి ప్రిన్సిపాల్. ఇంగ్లీషులో ఖుర్ఆన్ 1930లో తెచ్చిన పిక్థాల్ కూడా నిజాం కొలువులో చాదర్‌ఘాట్ స్కూల్ హెడ్మాస్టరే, అనువాదం పూర్తిచేసుకోమని నిజాం సెలవిచ్చాడు. తెలుగులో అయితే అంతకుముందే, 1925లోనే, చిలుకూరి నారాయణరావుగారు చేశారు.

అనువాదం అన్నాక అసలు చెప్పాలనుకున్నది ఇక్కడ చెప్తాను. నేను కుర్రాడిగా ఉన్నప్పుడు లైబ్రరీలో తెలుగు ఖుర్ఆన్ చదివి, ఇక నాకు హజ్రత్‌తో పనిలేదు, నేరుగా అర్థమైపోయింది అనుకుని మా చిన్నాన్నతో వాదానికి దిగాను. ఆయన పెద్దగా చదువుకోలేదు. పుస్తకం తీసుకుని, ఈ బ్రాకెట్లో ఉన్నదెవరి మాటరా అన్నాడు. చూస్తే పేజీకి పది బ్రాకెట్లు! అవి ఖుర్ఆన్‌లో లేవు. అనువాదం చేసినాయన తను నమ్మిన తఫ్సీర్‌లోంచి తెచ్చి పెట్టినవి. ఆ రోజు నా నోరు మూతబడింది. అనువాదం చదివినవాడు ఎవరో ఒకరి తఫ్సీరే చదువుతున్నాడు, కాకపోతే గొలుసు కనబడదు, రెండో అభిప్రాయం కనబడదు.

(సభలోంచి ఒక అమ్మాయి నాలుగో సూరా 34వ ఆయత్ గురించి అడిగారు.)

మంచి ప్రశ్నమ్మా, దాటేయను. భార్య తిరగబడితే ముందు నచ్చజెప్పండి, తర్వాత పడక వేరు చెయ్యండి, తర్వాత 'ఇజ్రిబూహున్న'. మామూలు అర్థం కొట్టండి అనే. తబరీలో ఉంది, అతా అనే శిష్యుడు ఇబ్న్ అబ్బాస్‌ని, గాయం కాకుండా అంటే దేంతో అని అడిగితే, మిస్వాక్ లాంటిదాంతో అన్నాడు, పళ్ళు తోముకునే పుల్ల. యూసుఫ్ అలీ 1930ల్లో ఇంగ్లీషు చేసినప్పుడు బ్రాకెట్లో 'మెల్లగా' అని చేర్చాడు, ఆ బ్రాకెట్ వెనక ఉన్నది ఈ పళ్ళపుల్లే. 2007లో లాలే బఖ్తియార్ అనే అమెరికన్ ఆవిడ, ఆ క్రియకి దూరంగా పొమ్మనే అర్థమూ ఉంది, అదే పెడతాను అని పెట్టింది. పాతవాళ్ళు ఒప్పుకోరు. నన్నడిగితే ఆవిడ అన్వయం నాకు వ్యాకరణంగా కష్టంగానే అనిపిస్తుంది, ప్రవక్త ఏ భార్య మీదా చెయ్యెత్తలేదన్న ఆయిషా మాట మాత్రం నాకు ఆ ఆయత్ మీద అన్నిటికంటే పెద్ద తఫ్సీర్. నేను ముఫ్తీని కాదని మొదట్లోనే చెప్పాను, ఇది నా మనసులో మాట.

(ముందు వరసలో ఉన్న ఒక పిల్లవాడు గుహవాసుల కుక్క గురించి అడిగాడు.)

ఓ, అస్హాబె కహఫ్ కుక్కా! గుహలో నిద్రపోయిన యువకులు, గడప దగ్గర ముందుకాళ్ళు చాచుకుని పడుకున్న కుక్క, 18వ సూరా. ఒరేయ్, దాని రంగు గురించి పెద్ద పెద్ద ముఫస్సిరులు బోలెడు రాశారు, ఎరుపని ఒకరు, పసుపని ఒకరు. 14వ శతాబ్దంలో డమాస్కస్ ఇబ్న్ కసీర్‌కి ఒళ్ళు మండిపోయింది, దీనివల్ల ఏం ఉపయోగం, ఆధారం లేని కథలు అని రాశాడు. ఖుర్ఆన్‌లోనే వాళ్ళు ముగ్గురు, కుక్క నాలుగోది అంటారు, ఐదుగురు, కుక్క ఆరోది అంటారు, చీకట్లో రాళ్ళు విసరడమే అని ఉంది. పేరా? పేరు ఖుర్ఆన్‌లో లేదు. కథల్లో ఉంది, నాకు తెలుసు, చెప్తాను గానీ నేను చెప్పానని ఇబ్న్ కసీర్‌కి చెప్పకు. ఖిత్మీర్.